బోర్లించిన సీసాలు

రెండు వారాల కిందట ఒక ఆదివారం పొద్దున, కాఫీ తాగి పేపరు ముందేసుకుని కూర్చున్న వేళ, నా ఫోనులోకి ఒక ఫైలు వచ్చి పడింది. పంపింది కర్నూలులో ఉద్యోగం చేసుకుంటున్న ఒక అమ్మాయి. నాకు చుట్టమేమీ కాదు, ఒకప్పుడు నాతో పనిచేసిన మా ల్యాబు అటెండరుకు మనవరాలు. అయినా ప్రతి ఆదివారమూ తప్పకుండా ఫోను చేసి, తిన్నారా, మోకాళ్ల నొప్పి ఎట్లుంది అని అడిగే మనిషి నాకు ఆ పిల్ల ఒక్కతే కనుక, ఆ వరసకు ఏం పేరు పెట్టుకోవాలో మీరే చెప్పాలి. ఆ రోజు మాత్రం ఫోను చేయలేదు. ఫైలు పంపి కింద నాలుగు ముక్కలు రాసింది. "మేడం, మా ఆఫీసులో పాత నీళ్ల లెక్కలన్నీ ఒకచోట చేరుస్తాండాము. ఇందులో మా ఊరు కూడా ఉండాది. సగటు వేసిన తీరే తప్పుగా ఉండాది. ఈ ఫైలు ఎవరు చేసినారో మీకేమన్నా తెలుసునా?"

కళ్లద్దాలు వెతుక్కుని ఫైలు తెరిచాను. పైన పసుపుపచ్చ రంగు వేసిన తలకట్టు, ఎడమ పక్క ఊళ్ల పేర్లు, వాటి ఎదురుగా పన్నెండు నెలలకు పన్నెండు గడులు, చిట్టచివర సగటు. ఎన్నో ఏళ్ల కిందట మన చేత్తో కుట్టిన రవికె ఎవరి ఒంటి మీద కనబడినా గుర్తుపట్టమా, అట్లాగే గుర్తుపట్టాను. ఆ ఫైలు చేసింది నేనే. ఆ మాట ఆ పిల్లకు రాయడానికి ఒక్క నిమిషం చాలు. నాకు ఎనిమిది రోజులు పట్టింది, మధ్యలో ఆదివారం ఆమె ఫోను చేసినా చూసి చెబుతానని దాటేశాను. ఆ ఎనిమిది రోజులూ ఆమెకు చెప్పలేని దాన్ని ఈ కాగితాల మీద మీకు చెప్పుకుంటూ వచ్చాను. మన వయసు వాళ్లకు, కావలసిన మనిషికి చెప్పవలసింది తప్ప, మిగతా లోకానికంతా ఏదైనా చెప్పగలగడం కొత్తేమీ కాదు కదా.

మాది కడప జిల్లా. మా నాన్న మంగంపేట ముగ్గురాయి గనుల్లో పని చేసేవారు. కడపలో కెమిస్ట్రీతో బీఎస్సీ అయ్యాక, నేనూ మంగంపేటలోనే ఒక పొడి మిల్లు ల్యాబులో చేరాను. ముగ్గురాయి అంటే పేరు సుకుమారమే గానీ గుప్పెడు పొడి చేతిలోకి తీసుకుంటే మణికట్టు కిందికి లాగుతుంది. అది ఎంత బరువో తూచి రాయడమే నా పని. మీకు గుర్తుండే ఉంటుంది, మన కాలంలో లాగరిథమ్ పుస్తకం అట్ట ఊడిపోయేదాకా వాడేవాళ్లం, గ్రాఫు కాగితం మీద చుక్క పెట్టడానికి పెన్సిలు మొన బ్లేడుతో చెక్కుకునేవాళ్లం. ఏ కొలతనైనా మూడుసార్లు తీయనివాడు కెమిస్టే కాదని మా లెక్చరరు గారు అనేవారు. ఆ మాటను నేను మంత్రంలా పట్టుకున్నాను, ఇంట్లో పప్పులో ఉప్పు కూడా మూడుసార్లు చూసేదాన్నని మా అమ్మ వెక్కిరించేది. ఇంత జాగ్రత్త మనిషినని ముందే చెప్పుకోవడం ఎందుకంటే, నేను చేసిన పని అజాగ్రత్త మనిషి చేసింది కాదని మీరు తెలుసుకోవాలి. అది చెప్పుకుంటే బరువు కొంచెం తగ్గుతుందేమోనన్న ఆశ కూడా ఉంది, దాచిపెట్టను.

పెళ్లయి కర్నూలు వచ్చాక ఒక నీళ్ల పరీక్షల ల్యాబులో చేరాను. తాగునీటి కోసం పనిచేసే ఒక సంస్థ నడిపేది దాన్ని. ఇప్పుడు ఆ సంస్థా లేదు, ఆ ల్యాబూ లేదు, కనుక పేరుతో పని లేదు. అందులో మేము నలుగురం. పెద్దసారు, మా సీనియర్ కెమిస్టు, నేను, అటెండరు. జిల్లాలో పడమటి వైపు నూటనలభై దాకా ఊళ్ల నుంచి నెలకొకసారి బోరు నీళ్లు తెప్పించి అందులో ఫ్లోరైడు ఎంతుందో చూసేవాళ్లం. నీళ్లలో ఎర్రటి రంగుమందు కలిపితే, ఫ్లోరైడు ఎంత ఎక్కువ ఉంటే ఆ ఎరుపు అంత వెలిసిపోతుంది. చూడడానికి అందంగా ఉంటుంది, దాని అర్థం మాత్రం భయంకరం. లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటిన నీళ్లను ఏళ్ల తరబడి తాగితే ముందు పిల్లల పళ్ల మీద గోధుమరంగు చారలు పడతాయి, ఆ తర్వాత ఎముకల మీదికి పోతుంది. నడుము వంగని ముసలివాళ్లు, కాళ్లు వంకర తిరిగిన పిల్లలు ఉన్న ఊళ్లు మా రిజిస్టరులో నెంబర్లుగా ఉండేవి.

ఆ నీళ్లు తెచ్చేది మా అటెండరు. నాకంటే పదిహేనేళ్లు పెద్ద, నేను అన్నా అని పిలిచేదాన్ని. ఆయనది పత్తికొండ అవతల ఒక చిన్న పల్లె, అది కూడా మా నూటనలభైలో ఒకటి. బస్సుల మీదా, బస్సు పోని చోటికి అద్దె సైకిలు మీదా తిరిగి, ప్లాస్టిక్ సీసాల్లో నీళ్లు పట్టి, పైన అంటించిన కాగితం ముక్క మీద ఊరి పేరు రాసి, చెక్కపెట్టెల్లో పేర్చుకుని తెచ్చేవాడు. ల్యాబులో గోడ పొడుగునా ఉన్న బల్ల మీద వాటిని దారి వరసలో నిలబెట్టేవాడు, తుంగభద్ర ఒడ్డు ఊళ్లు ముందు, ఆ తర్వాత ఒక్కొక్కటే మెట్ట ఊళ్లు. ఎండాకాలం వస్తే మెట్టలో బోర్లు ఎండిపోయేవి. ఎండిపోయిన బోరు దగ్గరికి పోయినప్పుడు ఆయన ఉత్తచేతులతో వచ్చేవాడు కాదు. ఆ ఊరి పేరు రాసిన ఖాళీ సీసాను కూడా వెనక్కి మోసుకొచ్చి, దాని స్థానంలో దాన్ని బోర్లించి పెట్టేవాడు. కొత్తలో నేను నవ్వాను. ఖాళీ సీసాను యాభై మైళ్లు మోసుకురావడం ఎందుకన్నా అని అడిగాను. "నీళ్లు లేకపోతే ఊరు లేకుండా పోతాదా అమ్మా? సీసా ఈడుంటే ఊరు ఉన్నెట్టు" అన్నాడు. మే నెలలో బల్ల చూస్తే సగానికి సగం సీసాలు తలకిందులుగా ఉండేవి.

మా సీనియరుకు ఆ పద్ధతి అలవాటు. బోర్లించిన సీసా కనబడితే రిజిస్టరులో ఆ నెల గడిని ఖాళీగా వదిలేసేవారు. సంవత్సరం చివర సగటు వేసేటప్పుడు ఒక్కో ఊరి వరస మీద చూపుడువేలు ఆనించి, నిండిన గడులు ఎన్నున్నాయో పెదాలు కదుపుతూ లెక్కపెట్టి, అన్నిటితోనే భాగించేవారు. నూటనలభై ఊళ్లకు రెండు వారాలు పట్టేది. ఆ రెండు వారాలూ ఆయన దగ్గరికి వెళ్లి టీ కావాలా అని అడగడానికి కూడా భయపడేవాళ్లం. నాకు మాత్రం లోలోపల విసుగు. మనిషన్నవాడు ఇంత మెల్లగా పని చేయాలా అనిపించేది. ఆయన రిటైరైన ఏడాదే మా ల్యాబుకు కంప్యూటరు వచ్చింది. ఆయన ఒక్క ఏడాది ఆగి ఉంటే, లేదా అది ఒక్క ఏడాది ముందు వచ్చి ఉంటే అని ఎన్నిసార్లు అనుకున్నానో లెక్కలేదు.

దానికి పూలగుడ్డ ఒకటి కుట్టించి కప్పారు. ఆ గదిలోకి చెప్పులు విడిచి వెళ్లాలన్నారు. నేర్పేవాళ్లు ఎవరూ రాలేదు. పెట్టెలు దింపిన మనిషి ఆన్ చేయడం, ఆఫ్ చేయడం చూపించి వెళ్లిపోయాడు. పెద్దసారు దాని వైపు చూసేవారే కాదు. ఇక మిగిలింది నేను. అప్పటికి నాకు నలభై దాటాయి. బడికి వెళ్లే వయసు కాదు, నేర్పమని అడగడానికి సిగ్గు. పాతపుస్తకాల అంగడిలో అట్టలేని ఇంగ్లీషు పుస్తకం ఒకటి దొరికితే, మధ్యాహ్నం డబ్బా తిని ఒంటిగంట నుంచి రెండింటి దాకా దాన్ని ముందు పెట్టుకుని ఒక్కో బొత్తామూ నొక్కి చూసేదాన్ని. ఏది నొక్కితే ఏమైందో తెలుగులో ఒక పొడుగాటి నోటుబుక్కులో రాసుకునేదాన్ని. ఒకసారి ఏదో నొక్కి రాసిందంతా పోగొట్టుకుని, కెమిస్ట్రీ ల్యాబులో ఆసిడ్ ఒలికినప్పుడు కూడా రానంత ఏడుపు ఏడ్చాను. మా ఆయన బట్టల అంగడి కట్టేసి ఇంటికొచ్చి, నీకు ఈ వయసులో ఈ కొత్త మొగుడెవరు అని ఆటపట్టించేవారు. అయినా ఆ రోజుల్లో నేను పడిన సంతోషం ఇప్పటికీ నాకు గుర్తే. ఎవరూ నేర్పకుండా నేర్చుకున్న విద్య మీద మనిషికి ఉండే గర్వం చాలా చెడ్డది, ఎక్కడ తప్పు పోతోందో చెప్పే గొంతు దగ్గర్లో ఒక్కటీ ఉండదు.

ఊళ్ల పేర్లు, నెలల అంకెలు అన్నీ ఎక్కించాను. ఎండిపోయిన నెలలను, మా సీనియరు చేసినట్టే, ఖాళీగా వదిలాను. ఇక సగటు. నాకు తెలిసిన ఫార్ములాలు అప్పటికి రెండే, కూడిక, భాగహారం. సగటుకని కంప్యూటరులోనే తయారుగా ఒక ఫార్ములా ఉంటుందని, అది ఖాళీ గడులను తనంతట తాను వదిలేసి లెక్క వేస్తుందని ఎవరైనా అరగంట కూర్చోబెట్టి చెప్పి ఉంటే తెలిసేది. మొదటి వరస తుంగభద్ర ఒడ్డు ఊరు, దానికి పన్నెండు నెలలూ నీళ్లే. పన్నెండు గడులు కూడి పన్నెండుతో భాగించమన్నాను. సరైన జవాబు వచ్చింది. ఆ గడి మూలన చిన్న నల్లటి గుర్తు కనబడుతుంది, దాన్ని మౌసుతో పట్టుకుని కిందికి లాగితే అదే లెక్క అన్ని వరసలకూ తనే పాకుతుంది. లాగాను. రెండు వారాల పని రెండు క్షణాల్లో కళ్ల ముందు నిండిపోయింది. అటెండరన్న తలుపు దగ్గర నిలబడి చూసి, "అంతలోకే అయిపాయనా!" అని నోరు తెరిచాడు. మూడుసార్లు చూసే అలవాటున్న మనిషిని కదా, కాగితం పెన్సిలు తీసుకుని మొదటి అయిదు ఊళ్లకు చేత్తో వేసి సరిచూశాను. అయిదూ సరిపోయాయి. ఆ అయిదూ ఏటి ఒడ్డు ఊళ్లే. బోర్లించిన సీసా అన్నది వాటిలో ఏ ఊరికీ ఏనాడూ లేదు.

ఆ ఏడాది ఆ సగటుకు ఎప్పుడూ లేని విలువ వచ్చింది. ఊళ్లలో ఫ్లోరైడు తీసేసే నీళ్ల ప్లాంట్లు పెట్టాలని సంస్థ అనుకుంది. ఏ ఊళ్లో పెట్టాలన్నది మేము పంపే జాబితాను బట్టి. సగటు ఒకటిన్నర దాటిన ఊళ్లన్నీ ఎక్కువ నుంచి తక్కువకు వరసగా. వరస పెట్టడం కూడా నేనప్పటికి నేర్చుకున్నాను. జాబితా గోడకు అంటించిన రోజు అటెండరన్న దాని ముందు చాలాసేపు నిలబడ్డాడు. చదువు తక్కువైనా ఊళ్ల పేర్లు ఆయనకు కొట్టినపిండి. తర్వాత నా బల్ల దగ్గరికి వచ్చి మెల్లగా, "మా ఊరి పేరు యాడా కనపడలేదు గదమ్మా. నీళ్లు సూస్తే అట్లుండాయి, పిల్లోల్ల పండ్లు సూస్తే అట్లుండాయి" అన్నాడు. నేను కంప్యూటరును ఆయన వైపు తిప్పి, ఆ వరస చూపించాను. సగటు ఒకటీ పాయింటు నాలుగు రెండు. "ఇది నేను వేసిన లెక్క కాదన్నా, కంప్యూటరు వేసినాది. దానికి నీ ఊరు నా ఊరు అని ఉండదు" అన్నాను. ఎంత ధీమాగా అన్నానో తలుచుకుంటే ఇప్పటికీ నా నాలుక మీద నాకు అసహ్యం వేస్తుంది. ఆయన ఆ అంకె వైపు కాసేపు చూశాడు. "కంప్యూటరు సెప్పినాదంటే ఇంగేముందిలేమ్మా" అని సీసాలు కడగడానికి వెళ్లిపోయాడు.

ఆ ఊరికి నాలుగు నెలలు నీళ్లు లేవు. మిగిలిన ఎనిమిది నెలల కొలతలు కూడితే పదిహేడు. ఎనిమిదితో భాగిస్తే రెండు దాటుతుంది, జాబితాలో పై వరసల్లో ఉండవలసిన ఊరు. నేను పన్నెండుతో భాగించాను. బోరు ఎండిపోయి, జనం ఎవరిదో చేని బోరుకు బిందెలు మోసుకుని పోయిన నాలుగు నెలలనూ మచ్చలేని నీళ్లు తాగిన నెలలుగా లెక్కకట్టాను. ఎంత కరువు ఊరైతే నా లెక్కలో అంత మంచి నీళ్ల ఊరు. ఇది ఇప్పుడు చెబుతున్నాను గానీ అప్పుడు నాకు తెలియదు. తెలియకపోగా మరుసటి ఏడాది అదే ఫైలుకు నకలు తీసి కొత్త అంకెలు నింపాను, ఆ మరుసటి ఏడాదీ అంతే. మూడేళ్లు ఆయన సీసాలు బోర్లిస్తూనే ఉన్నాడు, నేను వాటి పక్క నుంచే నడిచి వెళ్లి కంప్యూటరు ముందు కూర్చున్నాను.

ఆ మూడేళ్లలో ఒకసారి ఆయన తన మనవరాలిని ల్యాబుకు తీసుకొచ్చాడు. పెద్దాసుపత్రిలో చూపించుకుని వెళ్తూ నీడకని ఆగారు. ఆరేళ్ల పిల్ల, గలగలా మాట్లాడుతుంది, నవ్వితే పళ్ల మీద చారలు. నిలబడితే మోకాళ్లు రెండూ ఒకదానికొకటి తగులుకుంటున్నాయి, పాదాలు మాత్రం దూరంగా ఉన్నాయి. నేను బిస్కెట్లు ఇచ్చాను. పాపం అని కూడా అనుకున్నాను.

తప్పు ఎట్లా బయటపడిందంటే, నేను ఇంకొంచెం నేర్చుకోవడం వల్ల. గీతల బొమ్మ గీయడం అలవడింది, ఏ ఊరిలో ఏ నెల ఫ్లోరైడు ఎంత పైకి పోతుందో చూద్దామని సరదాగా ఒక్కో ఊరికీ గీత వేయిస్తున్నాను. అటెండరన్న ఊరి దగ్గరికి వచ్చేసరికి గీత ఫిబ్రవరి దాకా వచ్చి తెగిపోయింది. మళ్లీ జూలైలో మొదలైంది. మధ్యలో ఏమీ లేదు. కంప్యూటరు పాడైందేమోనని పక్క ఊరిది చూశాను, అదీ తెగింది. తల తిప్పి బల్ల వైపు చూశాను. అది ఏప్రిల్. బోర్లించిన సీసాలు వరసగా ఉన్నాయి. పెన్సిలు తీసుకుని, మా సీనియరు లాగా వరస మీద చూపుడువేలు ఆనించి, నిండిన గడులు లెక్కపెట్టాను. మూడేళ్లవీ తీసి చూశాను. పదకొండు ఊళ్లు. జాబితాలో ఉండవలసినవి పదకొండు ఊళ్లు మూడేళ్లుగా బయట ఉండిపోయాయి, అన్నీ మెట్ట ఊళ్లే, అన్నీ నీళ్లు లేని ఊళ్లే.

పెద్దసారుతో చెప్పాను. ఆయన కేకలు వేస్తారనుకున్నాను, వేయలేదు. తలుపు మూయమన్నారు. ఈ సంవత్సరం జాబితా సరిగ్గా పంపండి, పాతవి తవ్వితే మన కాగితం దేన్నీ ఎవరూ నమ్మరు, ఉన్న ప్లాంట్లు కూడా ఆగిపోతాయి అన్నారు. ఆ మాటలో నిజం ఉంది. కానీ నేను ఒప్పుకున్నది అందులో నిజం ఉందని కాదు, నాకు ప్రాణం లేచొచ్చింది కనుక. ఇంకెవరికీ చెప్పనక్కరలేదన్న మాట విని గదిలోంచి బయటికి వచ్చినప్పుడు నాకు కలిగింది పశ్చాత్తాపం కాదు, నిమ్మళం. నన్ను నేను క్షమించుకోలేనిది ఏదైనా ఉంటే అది తప్పు లెక్క కాదు, ఆ నిమ్మళం. వరండాలో అటెండరన్న సీసాలకు కాగితాలు అంటిస్తున్నాడు. ఆయన పక్క నుంచే వెళ్లాను.

కొత్త జాబితాలో ఆయన ఊరు మూడో స్థానంలో వచ్చింది. ప్లాంటు లేచేసరికి మరో ఏడాదిన్నర. ప్రారంభమైన మర్నాడు స్టీలు డబ్బా నిండా వేరుశెనక్కాయల ఉండలు తెచ్చి నా బల్ల మీద పెట్టాడు. "మీ కంప్యూటరు మల్లా ఒకతూరి సూసి మా ఊరిని పట్టుకున్యాదమ్మా. శానా పున్యం కట్టుకున్యారు మీరు" అన్నాడు. అప్పుడు చెప్పి ఉండవలసింది. డబ్బా మూత తీసి ఒక ఉండ నోట్లో వేసుకున్నాను. ఇంటికి తీసుకెళ్లిన మిగతావి మా ఆయన, పిల్లలు తిన్నారు. అప్పటికి ఆ పిల్లకు తొమ్మిదేళ్లు. చిన్నప్పుడే మంచి నీళ్లు పడి ఉంటే కాళ్లు ఇంత వంకర పోయి ఉండేవి కాదేమో అన్నాడట ఎముకల డాక్టరు. ఆ చివరనున్న ఏమోను పట్టుకునే నేను ఇన్నేళ్లు గడిపాను.

ల్యాబు మూతపడ్డాక మేము కల్లూరులో కొత్తగా కట్టుకున్న ఇంట్లోకి వచ్చేశాం. అటెండరన్న అంతకుముందే పని మానేశాడు. ఒకరోజు మనవరాలిని వెంటబెట్టుకుని ఇల్లు వెతుక్కుంటూ వచ్చాడు. పది పాసయింది. "చేన్లో చేసే పని దీనితో కాదమ్మా. మీ మాదిరి కుర్చీలో కూసోని చేసే పని నేర్పియ్యండి" అన్నాడు. కాదనడానికి నాకు నోరెక్కడిది. అప్పటి నుంచి ఆమె కర్నూలులో హాస్టలులో ఉండి చదువుకున్నన్నాళ్లూ ప్రతి ఆదివారం షేరు ఆటోలో కల్లూరు వచ్చేది. ఆటో దిగి మా గేటు దాకా నూరడుగులు ఉంటుంది. కిటికీలోంచి చూసేదాన్ని. ఒక కాలు విసిరి, ఒక క్షణం ఆగి, రెండో కాలు లాక్కుని, మధ్యలో కరెంటు స్తంభాన్ని పట్టుకుని ఊపిరి తీసుకుని వచ్చేది. చూడకుండా లోపలే కూర్చోవచ్చు, కానీ ఆ నూరడుగులూ చూడడం నాకు నేను వేసుకున్న శిక్ష. అది ఆమెకు ఏ విధంగానూ పనికిరాని శిక్ష అని కూడా నాకు తెలుసు.

నాకు తెలిసిందంతా నేర్పాను. నేను పదేళ్లు తడుముకుంటూ నేర్చుకున్నది ఆమె ఏడాదిలో మింగేసింది, ఆ తర్వాత నాకే నేర్పడం మొదలుపెట్టింది. అయితే మొదటి రోజు నేను చెప్పిన మొదటి పాఠం, ఖాళీ గడి సున్నా కాదు. ఏమీ లేకపోవడం వేరు, లెక్క తెలియకపోవడం వేరు. ఏ పట్టిక తెరిచినా ముందు ఖాళీలు ఎన్నున్నాయో లెక్కపెట్టు, అవి ఎందుకు ఖాళీగా ఉన్నాయో అడుగు, ఆ తర్వాతే సగటు జోలికి పో అని నోటుబుక్కులో పదిసార్లు రాయించాను. ఆమె నవ్వి, "ఇది ఎన్ని తూర్లు చెప్తారు మేడం, నిద్రలో లేపి అడిగినా చెప్తాను" అనేది. నేను చెప్పీ చెప్పకుండా చెప్పుకున్న ఒప్పుకోలు అది. ఏదో ఒక రోజు దాంతోనే నన్ను పట్టుకుంటుందని మాత్రం అనుకోలేదు.

ఆమెకు ఉద్యోగం వచ్చిన ఏడాది వాళ్ల తాత పోయాడు. పోయేముందు చూడడానికి వెళితే మంచం మీద నుంచి లేవలేకపోయినా, ప్లాంటు నీళ్లు తెప్పించి గ్లాసుతో ఇప్పించి, నేను తాగేదాకా చూస్తూ ఉన్నాడు. చెప్పడానికి అదే ఆఖరి అవకాశం అని తెలుసు. గ్లాసు ఖాళీ చేసి కింద పెట్టి, ఆరోగ్యం జాగ్రత్త అన్నా అని లేచి వచ్చాను.

ఇప్పుడు కల్లూరులో మా వీధిలోనే రెండు చోట్ల కంప్యూటరు కోర్సుల బోర్డులున్నాయి. డేటా విద్య నేర్పుతాం, సర్టిఫికెట్ ఇస్తాం అని. వాటిలో చేరకపోయినా ఫోనులోనే వీడియోలు. నేనెంతో అవస్థపడి నేర్చుకున్నది పిల్లలు బస్సులో కూర్చుని నేర్చేసుకుంటున్నారు. ఫార్ములాలో తేడా ఉంటే కంప్యూటరే గుర్తు వేసి చూపిస్తుందట. మంచిదే. మన కాలమే బాగుందని అనే మనుషుల్లో నేను లేను, మన కాలంలో ఏం జరిగిందో మీకు ఇప్పుడే చెప్పాను. బోరుకే ఏదో పెట్టె బిగిస్తే నీళ్ల వివరం నేరుగా ఆఫీసుకు వచ్చేస్తుందని మా అమ్మాయి, అదే, ఆ అమ్మాయి, ఒకసారి చెప్పింది. బోరు ఎండిపోతే ఏం వస్తుందని అడిగాను. ఏమీ రాదు మేడం అంది. ఖాళీ సీసాను యాభై మైళ్లు మోసుకొచ్చి, ఇదిగో ఈ ఊరు ఇక్కడే ఉంది అని బోర్లించి పెట్టే మనిషి ఇక ఎవరికీ అక్కరలేదు. ఉన్నప్పుడు మాత్రం నేను చూశానా.

పోయిన సోమవారం పొద్దున ధైర్యం చేసి జవాబు రాశాను. "ఆ ఫైలు చేసింది నేనే పాపా. మూడేళ్లు తప్పు లెక్క వేసినాను. తెలిసినాక కూడా మీ తాతకు చెప్పలేదు. నీ కాళ్లు చూసినప్పుడల్లా చెప్పాలనుకున్నాను, చెప్పలేకపోయినాను." పంపాక ఫోను సోఫాలో పడేశాను. ఆమె చదివినట్టు గుర్తు వెంటనే వచ్చింది. జవాబు మధ్యాహ్నం దాటాక వచ్చింది, ఒక్క ముక్క. "తాతకు కడదాకా తెలియదా మేడం?"

తెలియదు అని రాశాను. మీ కంప్యూటరు మళ్లీ చూసి పట్టుకుంది అన్న ఆయన మాట, ఆ ఉండల సంగతి, అన్నీ రాయాలని మొదలుపెట్టి చెరిపేశాను. ఆమె అడిగినది అది కాదు.

ఆ తర్వాత ఏమీ రాలేదు. నిన్న ఆదివారం. పొద్దున్నే స్నానం చేసి, ఫోను పక్కన పెట్టుకుని, చీకటి పడేదాకా కుర్చీలోంచి కదలలేదు. మోగలేదు. ఆమె నుంచి ఫోను గానీ ఒక్క ముక్క గానీ రాని ఆదివారం పదేళ్లలో ఇది మొదటిది. మా ఆయన ఉండి ఉంటే లేచి అన్నం తినమని కోప్పడేవారు. నేను మాత్రం నాకు నేనే ఒకటి చెప్పుకుంటూ కూర్చున్నాను, ఎవరు నేర్పారో కూడా మరిచిపోయినట్టు, ఖాళీ గడి సున్నా కాదు, ఖాళీ గడి సున్నా కాదు అని.